ఒక్కో భాగం, ఒక్కో లోకం: ఎపిసోడ్ దర్శకుడిగా శ్యామ్ బెనెగల్

సినిమా దర్శకుడి పేరు తెలుగు ప్రేక్షకుడికి నోటికి వచ్చు. అతను తీసిన సినిమాలను వరసగా చెప్పగలడు, ఆడినా ఆడకపోయినా ఆ మంచిచెడ్డలను అతని ఖాతాలోనే వేస్తాడు. అదే ప్రేక్షకుడు ఏళ్ల తరబడి ప్రతి సాయంత్రం చూసే ధారావాహికకు దర్శకుడెవరని అడిగితే మాత్రం, పాత్రల పేర్లన్నీ చెప్పి ఆ ఒక్క పేరు దగ్గర ఆగిపోతాడు. టెలివిజన్ ధారావాహికలో ఒక్కో విడతను ఎపిసోడ్ అంటారు, తెలుగులో భాగం అనడమూ ఉంది. ఆ భాగాన్ని చిత్రీకరించి, కూర్చి, ప్రసారానికి సిద్ధం చేసి ఇచ్చేవాడు ఎపిసోడ్ దర్శకుడు. కథ అతనిది కాకపోవచ్చు, నటీనటులను ఎంచుకున్నది మరొకరు కావచ్చు, ముందటి భాగాన్నీ తరవాతి భాగాన్నీ వేరొకరు తీసి ఉండవచ్చు. అయినా తన చేతికి వచ్చిన ఆ ఇరవై నిమిషాలో గంటో దానికదే నిండుగా ఉండేలా, అదే సమయంలో మొత్తం కథ నడకకు ఎక్కడా అడ్డురాకుండా తీయవలసిన భారం అతనిదే. ఈ రెండు షరతులూ ఒకదానికొకటి ఎదురు నిలిచేవి కనుక ఈ పని పైకి కనిపించినంత సులువైనది కాదు, దీన్ని సినిమాకు ఒక మెట్టు కింద పెట్టడమూ సరికాదు.

జర్మనీలో ఇది ఎప్పటి నుంచో నిలదొక్కుకున్న వృత్తి. నేరస్థలం అని అర్థమిచ్చే ‘టాటోర్ట్’ అనే నేరపరిశోధన ధారావాహిక అక్కడ 1970 నవంబరు 29న మొదలై నేటికీ ఆదివారం రాత్రుల్లో ప్రసారమవుతోంది. ప్రతి భాగం సుమారు 90 నిమిషాలు ఉంటుంది, ఒక్కో ప్రాంతీయ ప్రసార సంస్థ తన నగరపు పరిశోధకుల కథను తానే తయారు చేసి ఉమ్మడి వేదికకు అందిస్తుంది, అందువల్ల ఒకే దర్శకుడు ఒక ఏడు హాంబర్గ్ కథనూ మరో ఏడు మ్యూనిక్ కథనూ తీసే వీలుంటుంది. 1974 నుంచి 1998 దాకా 281 భాగాలుగా సాగిన ‘డెరిక్’ తీరు వేరు: అన్ని భాగాలకూ రచయిత హెర్బర్ట్ రైనెకర్ ఒక్కరే, దర్శకులు మాత్రం మారుతూ వచ్చారు, కథానాయక పాత్రధారి హోర్స్ట్ టాపర్ట్ సైతం కొన్ని భాగాలకు దర్శకత్వం వహించారు. అక్కడ ఇల్లు రచయితది, దర్శకుడు వచ్చిపోయే చుట్టం. ఆ చుట్టరికంలోనే చేయి తిరిగి పెద్ద దర్శకులైనవారూ ఉన్నారు. 1981లో ‘దాస్ బోట్’ సినిమాతో ప్రపంచానికి తెలిసిన వోల్ఫ్‌గాంగ్ పీటర్సన్ అంతకు నాలుగేళ్ల ముందు ‘టాటోర్ట్’కు తీసిన ఒక భాగాన్ని జర్మన్ ప్రేక్షకులు ఈనాటికీ ప్రత్యేకంగా చెప్పుకుంటారు. సినిమాలో పేరు సంపాదించాక టెలివిజన్ వైపు తిరిగినవారూ ఉన్నారు: ఫాస్‌బిండర్ 1980లో ‘బెర్లిన్ అలెగ్జాండర్‌ప్లాట్జ్’ నవలను 14 భాగాలుగా మలిచారు, ఎడ్గార్ రైట్జ్ 1984లో ఒక పల్లెటూరి కథను ‘హైమాట్’ పేరుతో 11 భాగాలుగా చెప్పారు. ఆ దేశంలో ఎవరూ వీటిని ఆ దర్శకుల పక్కపనిగా లెక్కించలేదు.

తెలుగు నేల మీద ఈ వృత్తికి సాటి ఉదాహరణ వెతికితే చూపు హైదరాబాదుకు ఉత్తరాన ఉన్న కంటోన్మెంటు పేట తిరుమలగిరి దగ్గర ఆగుతుంది. శ్యామ్ బెనెగల్ 1934 డిసెంబరు 14న అక్కడ పుట్టారు. ‘అంకుర్’, ‘నిశాంత్’, ‘మంథన్’, ‘భూమిక’ సినిమాల దర్శకుడిగానే దేశం ఆయనను గుర్తుపెట్టుకుంది. 2024 డిసెంబరు 23న ఆయన కన్నుమూసినప్పుడు వచ్చిన నివాళులు కూడా ఎక్కువగా ఆ సినిమాల చుట్టూనే తిరిగాయి. ఆ గౌరవం ఆయనకు దక్కవలసిందే, కానీ అందులో సగం జీవితం లెక్కలోకి రాకుండా పోయింది. టెలివిజన్ ధారావాహిక ‘భారత్ ఏక్ ఖోజ్’ ఒక్కటే 53 భాగాలు, ఒక్కోటి గంటకు కాస్త తక్కువ. అంటే ఇరవై సినిమాలకు సరిపడే నిడివి. దానికి ముందు రైలు మీద ఒక ధారావాహిక, విడి కథల ధారావాహికలో తన వంతు భాగాలు, ఆ తరవాత అమరావతి కథలు, చివరికి రాజ్యాంగ రచన కథ. ఇంత పని చేసిన మనిషిని ఎపిసోడ్ దర్శకుడని పిలవడం తగ్గించడం కాదు, ఆయన చేసిన పనికి దాని అసలు పేరు పెట్టడం.

తండ్రి శ్రీధర్ బెనెగల్ కర్ణాటక నుంచి వచ్చి స్థిరపడిన ఫొటోగ్రాఫర్. తండ్రి కొనిచ్చిన కెమెరాతో బెనెగల్ పన్నెండేళ్ల వయసులోనే ఒక చిన్న చిత్రం తీశారని చెబుతారు. ఉస్మానియా విశ్వవిద్యాలయంలో అర్థశాస్త్రం ఎమ్మే చదివి, ఆ రోజుల్లోనే హైదరాబాద్ ఫిల్మ్ సొసైటీని స్థాపించారు. ఫిల్మ్ సొసైటీ అంటే థియేటర్లకు రాని దేశవిదేశాల సినిమాలను తెప్పించుకుని సభ్యులు కలిసి చూసి చర్చించుకునే సంఘం. 1959లో బొంబాయి వెళ్లి ప్రకటనల సంస్థలో కాపీ రాసే ఉద్యోగంలో చేరారు. తరవాతి సంవత్సరాల్లో ఆయన తీసిన ప్రకటన చిత్రాలు, డాక్యుమెంటరీల సంఖ్య 900 దాటుతుంది. ఈ అంకెను ఆయన జీవితచరిత్రకారులు ఒక వాక్యంలో చెప్పి ముందుకు సాగిపోతారు, కానీ ఎపిసోడ్ దర్శకుడి దృష్టితో చూస్తే అసలు చదువు ఇక్కడే ఉంది. ప్రకటన చిత్రంలో సరుకు వేరొకరిది, డబ్బు వేరొకరిది, చెప్పవలసిన మాటను కూడా వేరొకరే నిర్ణయిస్తారు, నిడివి ఒక్క సెకను దాటడానికి వీల్లేదు. ఇన్ని కట్టుబాట్ల మధ్య చూసేవాడి మనసులో ఒక్క బొమ్మ నిలిచిపోయేలా తీయడం ఎలాగో వందలసార్లు చేసి నేర్చుకున్నవాడికి, గంట నిడివి ఉన్న భాగం ఇరుకుగా కాక విశాలంగానే కనిపించి ఉండాలి.

1970 నుంచి 72 వరకు హోమీ భాభా ఫెలోషిప్ మీద ఆయన అమెరికా వెళ్లి, న్యూయార్క్‌లోని చిల్డ్రన్స్ టెలివిజన్ వర్క్‌షాప్‌లోనూ బోస్టన్‌లోని డబ్ల్యూజీబీహెచ్ కేంద్రంలోనూ పనిచేశారు. మొదటిది పిల్లలకు అక్షరాలూ అంకెలూ నేర్పే కార్యక్రమాలకు పేరుపడ్డ సంస్థ, రెండోది ప్రజల చందాలతో నడిచే ప్రసార కేంద్రం. చదువు చెప్పే టెలివిజన్‌ను అక్కడ దగ్గరగా చూసిన అనుభవం త్వరలోనే సొంత దేశంలో అక్కరకు వచ్చింది. 1975 ఆగస్టు 1 నుంచి ఏడాది పాటు భారతదేశం అమెరికా ఉపగ్రహం ఏటీఎస్-6 సాయంతో ఆరు రాష్ట్రాల్లోని సుమారు 2,400 పల్లెలకు నేరుగా టెలివిజన్ కార్యక్రమాలను పంపింది. పొడి అక్షరాల్లో ‘సైట్’ అని పిలిచే ఈ ప్రయోగంలో ఆంధ్రప్రదేశ్ ఒక రాష్ట్రం, కార్యక్రమాలను తయారు చేసే మూడు ప్రధాన కేంద్రాల్లో హైదరాబాదు ఒకటి. కర్నూలు, మహబూబ్‌నగర్, మెదక్ జిల్లాల పల్లెల్లో చాలామంది తొలిసారి టీవీ చూసింది అప్పుడే. ఈ ప్రయోగం కోసం బెనెగల్ యునిసెఫ్ ప్రాయోజకత్వంతో పిల్లల కోసం 21 చిన్న చిత్రాలు తీశారు. హైదరాబాదు దూరదర్శన్ కేంద్రం 1977లో గానీ మొదలుకాలేదని గుర్తుంచుకుంటే, ఊళ్లోకి టెలివిజన్ రాకముందే ఊరివాడు టెలివిజన్ దర్శకుడయ్యాడన్నమాట.

1980లలో ఆయన మళ్లీ టెలివిజన్ వైపు తిరగడానికి కారణం ఆ దశాబ్దపు పరిస్థితుల్లో ఉంది. 1982 ఆసియా క్రీడలతో రంగుల ప్రసారం వచ్చింది. 1984 జూలైలో ‘హమ్ లోగ్’ మొదలై, ప్రాయోజకుల డబ్బుతో నడిచే ధారావాహిక అనే కొత్త పద్ధతి స్థిరపడింది. మరోవైపు బెనెగల్ తరహా సినిమాకు థియేటర్లు దొరకడం కష్టమవుతూ వచ్చింది. ఆ స్థితిలో ఆయన 1986లో రైల్వే శాఖ సహకారంతో ‘యాత్ర’ తీశారు. కన్యాకుమారి నుంచి జమ్మూకు వెళ్లే హిమసాగర్ ఎక్స్‌ప్రెస్‌లో ఒక సైనికుడు, ఆ పాత్రలో ఓం పురి, తన తోటి ప్రయాణికుల జీవితాలను చూస్తూ సాగే 15 భాగాల కథ అది. కథాంశం దానికదే ఎపిసోడ్ నిర్మాణానికి పాఠంలా ఉంటుంది: రైలు పెట్టె మారదు, కిటికీ మారదు, ముందుకు సాగే గమనం మారదు, ఎక్కి దిగే మనుషులే మారుతుంటారు. ఏది మారకూడదో ఏది మారాలో ముందే తేల్చుకోవడమే ధారావాహికకు పునాది. ఆ పునాదిని బెనెగల్ ఇనుప పట్టాల మీద వేశారు. అదే ఏడాది మొదలైన ‘కథాసాగర్’లో ప్రపంచ రచయితల చిన్న కథలను పలువురు దర్శకులు పంచుకుని తీయగా, ఆయన వారిలో ఒకరిగా తన వంతు భాగాలు తీశారు. అప్పటికే జాతీయస్థాయి పురస్కారాలు అందుకుని, పద్మశ్రీ పొంది పదేళ్లయిన దర్శకుడు అలా వరసలో ఒకరిగా నిలబడడానికి వెనుకాడలేదన్న సంగతి ఆయన స్వభావం గురించి చాలా చెబుతుంది.

‘భారత్ ఏక్ ఖోజ్’ 1988 నవంబరులో దూరదర్శన్‌లో మొదలైంది. అహ్మద్‌నగర్ కోటలో ఖైదీగా ఉండగా 1944లో నెహ్రూ రాసి, 1946లో అచ్చయిన ‘డిస్కవరీ ఆఫ్ ఇండియా’ దీనికి ఆధారం. ఆ ఏడాది ఆదివారం ఉదయాలు ఎలా ఉండేవో ఆ తరం వారికి వేరే చెప్పనక్కర్లేదు: జూలై 31న ‘రామాయణ్’ 78 భాగాలు ముగిశాయి, అక్టోబరు 2న 94 భాగాల ‘మహాభారత్’ మొదలైంది, వీధులు ఖాళీ అయ్యేవి. ఆ హోరు మధ్యలో బెనెగల్ బృందం అవే రెండు ఇతిహాసాలకు తమ ధారావాహికలో రెండేసి భాగాలు మాత్రమే కేటాయించింది. మిగిలినవన్నీ సింధు నాగరికత నుంచి స్వాతంత్ర్యం దాకా ఐదు వేల ఏళ్ల కథకు పోవాలి. ఇక్కడ నిడివి కేటాయించడమే ఒక చరిత్ర దృష్టి. దేనికి ఎన్ని నిమిషాలు ఇవ్వాలో తేల్చినప్పుడే దర్శకుడు తన అభిప్రాయం చెప్పేసినట్టు. విజయనగర సామ్రాజ్యానికీ దాని పతనానికీ వేరుగా చోటు దక్కడం, దేశ చరిత్ర అంటే ఢిల్లీ చరిత్రేనన్న పాఠ్యపుస్తకపు ధోరణికి అలవాటుపడిన తెలుగు, కన్నడ ప్రేక్షకులకు ఆనాడు చిన్న విషయం కాదు.

ఒక భాగాన్ని దగ్గర నుంచి చూస్తే ఆ పనితనం తెలుస్తుంది. ముందు ఋగ్వేదంలోని నాసదీయ సూక్తం, సృష్టికి ముందు ఏముందో ఎవరికి తెలుసునని ప్రశ్నించే సూక్తం, వసంత్ దేవ్ చేసిన హిందీ అనువాదంతో కలిసి వన్‌రాజ్ భాటియా సంగీతంలో బృందగానంగా వినిపిస్తుంది. తరవాత నెహ్రూ వేషంలో రోషన్ సేఠ్ వచ్చి, పుస్తకంలోని ఆలోచనను నేరుగా ప్రేక్షకుడి ముందు పెడతాడు. ఆపై ఓం పురి గొంతు వ్యాఖ్యానంగా కథను అందుకుని కాలాన్ని, చోటును పరిచయం చేస్తుంది. అప్పుడు గానీ నాటకీయ సన్నివేశం మొదలుకాదు. చివర మళ్లీ ఋగ్వేదానికే చెందిన హిరణ్యగర్భ సూక్తంతో ముగుస్తుంది. ప్రశ్నతో తెరుచుకుని ప్రార్థనతో మూసుకునే ఈ చట్రం 53 వారాలూ కదలలేదు. చట్రం లోపల మాత్రం ఒక వారం బౌద్ధం, ఒక వారం తమిళ కావ్యం, ఒక వారం అక్బరు కొలువు, మరో వారం 1857. మధ్యలో నాలుగు వారాలు చూడని ప్రేక్షకుడు కూడా అయిదో వారం కూర్చుంటే దారి తప్పకుండా ఉండడానికి ఆ చట్రమే కారణం. వారం వారం ఆగి సాగే కథనంలో ఇంత బలమైన కూర్పు భారతీయ టెలివిజన్‌లో మరొకటి కనిపించదనడం అతిశయోక్తి కాదు.

మొదటి భాగం పేరు ‘భారత్ మాతా కీ జై’. నెహ్రూ ఊరూరా తిరుగుతుంటే రైతులు ఆ నినాదంతో స్వాగతం చెబుతారు. ఆ మాత ఎవరని ఆయన తిరిగి అడుగుతాడు. జనం ఒకరి ముఖం ఒకరు చూసుకుంటారు. చివరికి ఒక రైతు ఈ నేల అంటాడు. ఏ నేల, మీ ఊరిదా, మీ జిల్లాదా, దేశమంతటిదా అని ప్రశ్న ముందుకు సాగుతుంది. నెహ్రూ పుస్తకంలో ఇది రెండు మూడు పేరాల ముచ్చట. యాభై పైచిలుకు వారాల ధారావాహికకు దాన్ని గడపగా ఎంచుకోవడంలో ఎపిసోడ్ దర్శకుడి తెలివి ఉంది: రాజులతోనో యుద్ధంతోనో మొదలుపెట్టి ఉంటే తరవాతి భాగాలన్నీ ఆ ఆర్భాటంతోనే పోటీపడవలసి వచ్చేది, జవాబు దొరకని ప్రశ్నతో మొదలుపెట్టడం వల్ల ప్రతి భాగమూ ఆ ప్రశ్నకు ఒక్కో జవాబు అయ్యే అవకాశం వచ్చింది.

నటుల విషయంలో ఆయన పాటించిన పద్ధతి నాటక సమాజాలది. సురభి సమాజంలో ఒకే నటుడు ఒకరోజు కృష్ణుడు, మరోరోజు వేరే వేషం కట్టడం తెలుగువారు ఎరిగినదే. అలాగే ఈ ధారావాహికలో ఓం పురి దుర్యోధనుడు, అశోకుడు, అలావుద్దీన్ ఖిల్జీ, ఔరంగజేబు. సలీం ఘౌస్ రాముడు, కృష్ణుడు, టిప్పు సుల్తాన్. నసీరుద్దీన్ షా శివాజీ. ఖర్చు కలిసిరావడం ఒక లాభమే గానీ అంతకంటే పెద్ద ప్రయోజనం ఇంకొకటి ఉంది: అశోకుడిలో కనిపించిన ముఖమే ఔరంగజేబులో కనిపించినప్పుడు, అధికారం ముందు మనిషి ఏమవుతాడన్న పోలిక ప్రేక్షకుడి మనసులో మాటలు లేకుండానే మెదులుతుంది. ఛాయాగ్రాహకుడు వి.కె. మూర్తి, గురుదత్ సినిమాల్లో వెలుగునీడలను మలిచిన చేయి ఆయనది, గురుదత్ బెనెగల్‌కు దగ్గరి బంధువు. షామా జైదీ, అతుల్ తివారీ వంటి రచయితలు, నితీశ్ రాయ్ వంటి కళాదర్శకులు, పలువురు చరిత్రకారుల సలహా కలిస్తే తప్ప ఆ పని అయ్యేది కాదు. 53 భాగాలకూ దర్శకుడు ఒక్కడే కావడం జర్మన్ లెక్కలో అరుదు. రైట్జ్ ‘హైమాట్’ను అలా ఒంటిచేత్తో తీశారు గానీ అది 11 భాగాలే.

సొంత నేల కథలకు ఆయన టెలివిజన్‌లో తిరిగి వచ్చింది 1990ల మధ్యలో. సత్యం శంకరమంచి ‘అమరావతి కథలు’ వారపత్రికలో బాపు బొమ్మలతో వచ్చిన నూరు కథలు. కృష్ణ ఒడ్డు, అమరేశ్వరాలయం, ఆ ఊరి మనుషులు వాటికి ప్రాణం. ఒక్కో కథ రెండు మూడు పుటలే. అచ్చులో విడతలుగా వచ్చిన రచన కావడంతో ఎపిసోడ్ రూపం దానిలో ముందే దాగి ఉంది. ఊరు ఒక్కటే, మనుషులు మారుతుంటారు, ‘యాత్ర’లో రైలు చేసిన పని ఇక్కడ అమరావతి చేస్తుంది. ‘అమరావతీ కీ కథాయేఁ’ పేరుతో హిందీలో దూరదర్శన్ ప్రసారం చేసిన ఆ ధారావాహిక తెలుగు పాఠకుల మధ్య రావలసినంతగా చర్చకు రాలేదు. తెలుగు కథ దేశమంతటికీ ఒక పెద్ద దర్శకుడి చేతుల మీదుగా వెళ్లిన అరుదైన సందర్భం అది.

మూసీకి అవతలి ఒడ్డు, అంటే పాతబస్తీ, ఆయన సినిమాల్లోకి వచ్చింది గానీ ధారావాహికల్లోకి రాలేదు. ‘అంకుర్’లో పాత్రలు మాట్లాడేది దక్కనీ, అంటే మరాఠీ, కన్నడ, తెలుగుల పొత్తులో నాలుగైదు వందల ఏళ్లుగా పెరిగిన దక్కను ఉర్దూ, వద్దు అనడానికి ‘నక్కో’, అవును అనడానికి ‘హౌ’, ఎందుకు అనడానికి ‘కైకూ’ అనే భాష, మనుషులను ‘లోగాఁ’ అనీ మాటలను ‘బాతాఁ’ అనీ ముక్కుతో బహువచనం పలికే భాష. 1983లో వచ్చిన ‘మండీ’ హైదరాబాదు నేపథ్యంతోనే నడుస్తుంది, ‘వెల్‌డన్ అబ్బా’కు హైదరాబాదు రచయిత్రి జీలానీ బానో కథ ఒక ఆధారం. హాస్యనటుడి నోట నవ్వు పుట్టించడానికి మాత్రమే సినిమాలు వాడుకుంటూ వచ్చిన ఈ పలుకును బెనెగల్ కథానాయిక దుఃఖానికి వాడారు. చార్మినార్ చుట్టుపక్కల వీధుల్లో పుట్టి పెరిగినవారికి ఆ తేడా వెంటనే తెలుస్తుంది.

పాతబస్తీ దేవిడీల లోకాన్ని టెలివిజన్‌కు తెచ్చింది వేరే దర్శకుడు. హైదరాబాదు రచయిత్రి రఫియా మంజూరుల్ అమీన్ ఉర్దూ నవల ‘ఆలంపనా’ ఆధారంగా లేఖ్ టండన్ 1990లలో దూరదర్శన్‌కు ‘ఫర్మాన్’ తీశారు. దేవిడీ అంటే నవాబుల, జాగీర్దారుల ప్రహరీ గోడల నివాసం. మగవారి వాకిలి వేరు, ఆడవారి జనానా వేరు, ఆ రెంటి మధ్య తెరలు, పరిచారికలు, రహస్యాలు. చదువుకున్న ఒక యువతి ఉద్యోగం కోసం అలాంటి హవేలీలో అడుగుపెట్టడంతో కథ మొదలవుతుంది. దీపికా దేశ్‌పాండే, కన్వల్‌జీత్ సింగ్ ప్రధాన పాత్రధారులు. టండన్ 1966లో ‘ఆమ్రపాలి’ వంటి భారీ చిత్రం తీసిన దర్శకుడు, షారుఖ్ ఖాన్‌ను ‘దిల్ దరియా’ ధారావాహికకు ఎంపిక చేసిన మనిషి. పెద్ద తెర మీద సెట్టింగులతో చూపించేదాన్ని ఈయన ‘ఫర్మాన్’లో ఒక పరదా కదలికతో, గుమ్మం దగ్గర ఆగిన అడుగుతో చూపించారు. చిన్న తెరకు దూరపు దృశ్యం సరిపడదు, ముఖమే సరిపడుతుందన్న సంగతి సినిమా నుంచి వచ్చినవారిలో త్వరగా పట్టుకున్న కొందరిలో టండన్ ఒకరు.

1995లో జెమిని, ఈటీవీ వచ్చాక తెలుగు టెలివిజన్ వారం లెక్క నుంచి రోజు లెక్కకు మారింది, దానితో ఎపిసోడ్ దర్శకుడి బతుకే మారిపోయింది. వారానికి అయిదారు భాగాలు ఇవ్వాలంటే రోజుకొక భాగమైనా తీసి తీరాలి. అరగంట సమయంలో ప్రకటనలు పోగా మిగిలే ఇరవై రెండు నిమిషాలకు సరిపడే సన్నివేశాలు తెల్లవారి కాల్‌షీట్ మొదలై పొద్దుపోయేలోగా పూర్తికావాలి. అందుకే రెండు యూనిట్లు సమాంతరంగా పనిచేస్తాయి, ఒక యూనిట్ హాల్లో అత్తాకోడళ్ల సన్నివేశం తీస్తుంటే రెండోది ఆఫీసు గదిలో ఉంటుంది. భాష రాని నటీనటులకు కెమెరా వెనుక నుంచి ప్రాంప్టర్ మాట అందిస్తాడు, గొంతు తరవాత డబ్బింగ్‌లో కలుస్తుంది. నటులెవరైనా సెలవు పెడితే ప్రసారం ఆగకుండా కొన్ని భాగాలను ముందే తీసి నిల్వ పెట్టుకుంటారు, దాన్నే బ్యాంక్ అంటారు. ఈ తీరులో ఒక్క మాటకు ముగ్గురి ముఖాలను ఒకదాని వెంట ఒకటి చూపే అలవాటును విమర్శకులు ఎగతాళి చేస్తారు గానీ, వంటింట్లో పని చేసుకుంటూ చెవితో కథను అనుసరించే గృహిణి తల ఎత్తి చూసేసరికి కథ దాటిపోకూడదన్న లెక్క కూడా అందులో ఉంది.

ఆ ఒత్తిడిలోనూ మంచి దర్శకులు తయారయ్యారు. దూరదర్శన్‌లో ‘ఋతురాగాలు’తో పేరు తెచ్చుకున్న మంజులా నాయుడు ఆ తరవాత జెమినిలో ‘చక్రవాకం’, ‘మొగలిరేకులు’ ధారావాహికలను ఏళ్ల తరబడి నడిపారు. మధ్యతరగతి ఇంటి చిన్న మాటల వెనుక ఉండే బరువును ఆమె అంత ఓపికగా చూపినవారు తక్కువ. ఎస్.ఎస్. రాజమౌళి 2001లో ‘స్టూడెంట్ నం.1’ తీయడానికి ముందు కె. రాఘవేంద్రరావు పర్యవేక్షణలో ఈటీవీ ‘శాంతినివాసం’ భాగాలకు దర్శకత్వం వహించారు. పీటర్సన్ ‘టాటోర్ట్’లో నేర్చుకున్న పాఠం, అంటే సమయం అయిపోయేలోగా సన్నివేశాన్ని ముగించి తీరడం, ఈయన అక్కడ నేర్చుకున్నారు. గుణ్ణం గంగరాజు రూపకల్పన చేసిన ‘అమృతం’ 2001 నుంచి 2007 దాకా 313 భాగాలు నడిచింది. ఆ కాలంలో అమృతరావు పాత్రను శివాజీరాజా, నరేష్, హర్షవర్ధన్ వరసగా పోషించారు, దర్శకులూ మారారు, అయినా ప్రేక్షకుడికి అది అదే ఇల్లుగా, అదే హోటలుగా తోచింది. జర్మనీలో ‘డెరిక్’కు రైనెకర్ కలం ఇచ్చిన నిలకడను ఇక్కడ హాస్యపు శ్రుతి ఇచ్చింది.

బెనెగల్ చివరి పెద్ద టెలివిజన్ పని 2014 మార్చిలో రాజ్యసభ టీవీలో మొదలైన ‘సంవిధాన్’. రాజ్యాంగ సభ చర్చలను పది భాగాల్లో చెప్పిన ఆ ధారావాహికలో అంబేడ్కర్‌గా సచిన్ ఖేడేకర్ నటించారు. రచన మళ్లీ షామా జైదీ, అతుల్ తివారీలదే. అప్పటికి ఆయన వయసు 79, రాజ్యసభ సభ్యుడిగా ఆరేళ్ల కాలం ముగిసి రెండేళ్లయింది. అందులో యుద్ధాలు లేవు, పాటలు లేవు, బల్లల వెనుక కూర్చుని మాట్లాడే మనుషులు తప్ప మరేమీ లేని కథ. ఒక్కో భాగానికి ఒక్కో వాదాన్ని ఎంచుకుని, ఆ వాదం ఎవరి జీవితం నుంచి వచ్చిందో గుర్తుచేస్తూ, మాటలనే నాటకంగా నిలబెట్టగలిగారు. ప్రకటన చిత్రాల నాటి పొదుపు, ‘ఖోజ్’ నాటి చట్రం రెండూ అందులో కనిపిస్తాయి.

బెనెగల్ చదివిన ఉస్మానియాలోనే కెమికల్ ఇంజినీరింగ్ చదివి, 1998లో ‘హైదరాబాద్ బ్లూస్’తో దర్శకుడైన నాగేశ్ కుకునూర్ తరవాతి తరానికి చెందినవారు. ఓటీటీ, అంటే ఇంటర్నెట్ ద్వారా ఇష్టమైన వేళ చూసుకునే వేదికల రాకతో ఆయన కూడా భాగాల వైపు వచ్చి, రాజకీయ కుటుంబపు కథ ‘సిటీ ఆఫ్ డ్రీమ్స్’ను మూడు సీజన్లు తీశారు. 2022 జూలైలో వచ్చిన తెలుగు సిరీస్ ‘మోడ్రన్ లవ్ హైదరాబాద్’ ఆరు విడి కథలు. మూడింటిని కుకునూర్, తక్కినవాటిని వెంకటేష్ మహా, ఉదయ్ గుర్రాల, దేవికా బహుధనం తీశారు, ప్రతి భాగం మీదా దాని దర్శకుడి పేరు విడిగా ఉంటుంది. కుకునూర్ తీసిన ఒక కథలో మోకాలి శస్త్రచికిత్స చేయించుకున్న నూరీని చూసుకోవడానికి, కొన్నేళ్లుగా మాటలు లేని తల్లి మెహరున్నీసా వస్తుంది. కరోనా లాక్‌డౌన్ పడి ఆమె తిరిగి వెళ్లే దారి మూసుకుపోతుంది. నిత్యా మేనన్, రేవతి, ఒక ఇల్లు, ఒక వంటగది. తల్లి పొయ్యి మీద పెట్టిన హైదరాబాదీ వంటకాల వాసన గది దాటి కూతురి మంచం దాకా వెళుతుంది. క్షమాపణ అడగడానికి నోరు రాని ఆ తల్లి ఒక్కో రోజు ఒక్కో వంట వండి పెడుతుంది, కూతురు ముందు వద్దంటుంది, తరవాత రుచి చూస్తుంది, ఆ తరవాత పళ్లెం ముందుకు జరుపుతుంది.